ఆదుర్తి సుబ్బారావు

గోదావరీ నది రాజమహేంద్రవరము వఱకు ఒక్కటిగనే ప్రవహించును. ధవళేశ్వరము దాటిన పిమ్మట అది చీలి, తూర్పున గౌతమి యనియు, పడమట వసిష్ఠ యనియు పేరు పొందును. ఈ పాయల నడుమ కొబ్బరితోటలతోను, కాలువలతోను, లంకలతోను నిండియున్న సీమయే కోనసీమ. అమలాపురము, రాజోలు, కొత్తపేట ప్రాంతములవారికి పూర్వము పెద్ద చదువున కైనను, పెద్ద వైద్యమున కైనను రాజమహేంద్రవరమో, కాకినాడయో దిక్కు. అచటికి పోవలెనన్న నది దాటవలెను. నది దాటవలెనన్న పడవ ఎక్కవలెను. ఆ నదిని, ఆ పడవను, ఆ పడవవానిని తెలుగువారికందఱికిని వెండితెరపై చూపినవారు ఆదుర్తి సుబ్బారావుగారు.

ఆయన చలనచిత్ర దర్శకులుగా ప్రసిద్ధులు. కాని దర్శకులు కాకముందు ఆయన చిరకాలము చేసిన పని వేఱు. చీకటిగదిలో ఫిలిమును కడిగి, వెలుతురు బల్లయొద్ద కూర్చుండి దానిని కోసి అతికెడి పని అది. తెరమీద తారల పేర్లు పెద్ద అక్షరములతో పడును. కూర్పరి పేరు ఎప్పుడు వచ్చి ఎప్పుడు పోయెనో చూచువారు అరుదు. ఆ మఱుగుననే సుబ్బారావుగారి విద్యాభ్యాసము జరిగెను.

ఆయన 1912వ సంవత్సరము డిసెంబరు 16వ తేదీన రాజమహేంద్రవరమున జన్మించిరి. తండ్రి సత్తన్న పంతులుగారు తహశీలుదారు. ఆ కాలమున అట్టి ఉద్యోగుల బిడ్డలు న్యాయశాస్త్రము చదువుటయో, సర్కారు కొలువున చేరుటయో వాడుక. సినిమా అప్పటికి మన దేశమున పసిబిడ్డ. దానిని నమ్ముకొని బ్రతుకవచ్చునని ఒక పెద్ద కుటుంబము తలంచుట కష్టమే. 1931వ సంవత్సరము మార్చి నెలలో బొంబాయి నగరమున ఆలం ఆరా అను తొలి హిందీ మాటల చిత్రము విడుదలయ్యెను. మఱుసటి యేడు ఫిబ్రవరి 6వ తేదీన తొలి తెలుగు మాటల చిత్రమైన భక్త ప్రహ్లాద వెలువడెను. అంతవఱకు మూగగా నున్న బొమ్మలు నోరు విప్పి మాటలాడుట చూచి జనులు విస్తుపోయిరి. అప్పటికి సుబ్బారావుగారు ఇరువది యేండ్లు నిండని యువకులు.

ఆయన మనసు ఛాయాగ్రహణ విద్యపై పడెను. ఆ విద్య నేర్చుటకై బొంబాయి పోయి సెయింటు జేవియర్సు సంస్థలో చేరిరి. పిదప బొంబాయిలోనే ఒక ఫిలిము లాబొరేటరీలో పనికి కుదిరిరి. ఆ పని సుఖమైనదని ఎవ్వరును అనుకొనరాదు. చిత్రీకరణము ముగిసిన ఫిలిమును వెలుతురు సోకని గదిలో మందునీళ్ళలో ముంచి, కడిగి, ఆరబెట్టవలెను. మందు పాళ్ళలో గాని, వేడిమిలో గాని, కాలములో గాని ఏమాత్రము తేడా వచ్చినను ఎందఱో కలసి పడిన శ్రమ అంతయు మసిబాఱును. కడిగిన నెగెటివునుండి ప్రతిని తీయు ముద్రణశాఖ వేఱుగా నుండును. సుబ్బారావుగారు మొదట కడుగు శాఖలోను, తరువాత ముద్రణశాఖలోను పనిచేసి, తుదకు కూర్పుశాఖకు చేరిరి. అచట దీనా నార్వేకర్ అను కూర్పరియొద్ద సహాయకులైరి.

కూర్పు అనగా నేమో కొంచెము తెలిసికొనినగాని ఆయన గొప్పతనము మనకు బోధపడదు.

సినిమా ఫిలిములో ఒక్కొక్క అడుగునకు 16 బొమ్మలుండును. మాటల చిత్రములో ఒక్క సెకనులో 24 బొమ్మలు మన కన్నుల ముందు నుండి పోవును. నిమిషమునకు 90 అడుగులు. వేయి అడుగుల రీలు సుమారు 11 నిమిషములు నడచును. మూడు గంటల తెలుగు చిత్రము 16,000 అడుగుల పొడవుండును. అందలి బొమ్మలు లెక్కించినచో రెండున్నర లక్షలు దాటును. చిత్రీకరణమున తీసిన ఫిలిము దీనికి ఎన్నో రెట్లు. ఒకే సంఘటనను దూరమునుండియు, దగ్గఱనుండియు, ఈ ప్రక్కనుండియు, ఆ ప్రక్కనుండియు మఱల మఱల తీయుదురు. అది కథ నడచు వరుసలో నైనను తీయరు. పెండ్లి ముందు తీసి, చూపులు తరువాత తీయుదురు. ఈ ముక్కల కుప్పలోనుండి కథను వెలికి తీయువాడు కూర్పరి.

ఇంతేకాదు. బొమ్మ ఒక ఫిలిముపైనను, ధ్వని మఱియొక ఫిలిముపైనను ఉండెడివి. నటుడు పెదవి కదల్చిన క్షణముననే మాట వినబడవలెను గదా! అందులకై చిత్రీకరణమున ప్రతి ముక్కకును ముందు ఒక చెక్కపలకను టప్పున కొట్టుదురు. బొమ్మల ఫిలిములో పలక మూసికొన్న చోటును, ధ్వని ఫిలిములో ఆ టప్పు చప్పుడున్న చోటును వెదకి, రెంటిని జతపఱచుట కూర్పు సహాయకుని మొదటి పని. రెండు మూడు బొమ్మలు అటు నిటు జరిగినచో మనుష్యుడు మాటలాడుచున్నట్లు కాక, బొమ్మ వెనుకనుండి ఎవ్వరో పలుకుచున్నట్లుండును. మూవియోలా అను యంత్రముపై రెండు ఫిలిములను ప్రక్కప్రక్కన నడపి, మైనపు పెన్సిలుతో గుర్తు పెట్టి, కత్తిరించి, అంచు గీకి, జిగురు పూసి అతుకుదురు. మొదట ఈ పని అంతయు ప్రతిపై చేసి, అది నిశ్చయమైన పిమ్మట అంచుమీది అంకెలను బట్టి అసలు నెగెటివును కోయుదురు. ప్రతి చెడినచో మఱియొకటి తీయవచ్చును. నెగెటివు చెడినచో చేయగలిగిన దేమియు లేదు. అందుచేతనే ఆ బల్లయొద్ద కూర్చుండువారికి చేతివాటము కంటె మున్ను ఓర్పు అలవడును.

కూర్పు ముగిసిన తరువాత ధ్వని సంగతి వచ్చును. మాటలు ఒక వరుస, సంగీతము ఒక వరుస, అడుగుల చప్పుడు, గాలి, వాన, తలుపు కిఱ్ఱుమనుట మున్నగు శబ్దములు మఱియొక వరుస. వీని నన్నిటిని కలిపి ఒక్కటిగా చేయుటనే రీరికార్డింగు అందురు. నదిలో పడవ పోవుచున్నపుడు తెడ్డు చప్పుడు ఎంత వినబడవలెను, పాట మొదలు కాగానే అది ఎంత తగ్గవలెను, ఎక్కడ ఏమియు వినబడక నిశ్శబ్దముగా నుండవలెను అనునవి అక్కడ నిర్ణయమగును. ఈ కలిపిన ధ్వనిని బొమ్మల ప్రక్కన సన్నని గీతగా ముద్రింతురు. వింతయేమన, ఆ గీత తన బొమ్మ ప్రక్కనే ఉండదు. సుమారు 20 బొమ్మల ముందుగా నుండును. ప్రదర్శనయంత్రములో బొమ్మను చూపు చోటును, ధ్వనిని చదువు చోటును వేఱు వేఱగుటయే దీనికి కారణము.

ఇప్పుడు ఈ పనులన్నియు కంప్యూటరుపై జరుగుచున్నవి. జిగురు లేదు, కత్తెర లేదు, తప్పు కోసినను మఱల యథాస్థితికి తేవచ్చును. సుబ్బారావుగారి కాలమున అట్టి వెసులుబాటు లేకుండెను.

ఆ దినములలో ఉదయశంకర్ అను విశ్వవిఖ్యాత నర్తకుడు కల్పన అను చిత్రమును మదరాసు జెమినీ స్టూడియోలో నిర్మించుచుండెను. అది 1948లో విడుదలయ్యెను. కథ తక్కువ, నృత్యము ఎక్కువయైన చిత్రమది. సుబ్బారావుగారు ఆ బృందమున పనిచేసిరి. నర్తకుని పాదము నేలను తాకుటకును, మృదంగము మ్రోగుటకును నడుమ వెంట్రుకవాసి తేడా రాని చిత్రమున పనిచేసినవారికి తాళజ్ఞానము ఎంతగా అబ్బునో ఊహింపవచ్చును. వారి తరువాతి చిత్రములలో పాటలు కథకు అడ్డముగా నిలువక కథతోబాటు నడచుటకు ఈ శిక్షణమే కారణమని నా యభిప్రాయము.

తరువాత ఆయన మదరాసుననే నిలిచి, కె. యస్. ప్రకాశరావుగారి వంటి దర్శకులయొద్ద పనిచేసిరి. 1954వ సంవత్సరమున అమర సందేశము అను చిత్రముతో తామే దర్శకులైరి. అప్పటికి ఆయన వయస్సు 41 సంవత్సరములు. ఇరువది, ముప్పది యేండ్లకే పేరు సంపాదించవలెనని తొందరపడు రంగమున నలుబది దాటినవాడు మొదటి మెట్టుపై నిలుచుట సామాన్య విషయము కాదు. ఆపైన మఱియొక తెలుగు చిత్రము చేతికి వచ్చుటకు మూడేండ్లు పట్టెను.

ఆ రెండవ చిత్రమే తోడికోడళ్ళు. దుక్కిపాటి మధుసూదనరావుగారి అన్నపూర్ణా సంస్థ దానిని 1957లో వెలువరించెను. వంగ రచయిత శరత్చంద్రుని నవల దానికి ఆధారము. ఉమ్మడి కుటుంబములోని చిన్న చిన్న మాటపట్టింపులు, అలుకలు, అనురాగములు అందలి వస్తువు. రాజులు, మాంత్రికులు, యుద్ధములు లేని ఆ ఇంటి కథను జనులు మెచ్చుకొనిరి. అది మొదలు మాంగల్యబలము, వెలుగు నీడలు, ఇద్దరు మిత్రులు, చదువుకొన్న అమ్మాయిలు, డాక్టరు చక్రవర్తి మున్నగు చిత్రములను ఆయన ఆ సంస్థకే తీసిరి. 1960లో వెలువడిన నమ్మిన బంటు ఇంకొక సంస్థవారిది. అది రాష్ట్రపతి రజత పతకమును పొందెను. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము నంది బహుమానములను 1964వ సంవత్సరపు చిత్రములతో ప్రారంభించినపుడు మొదటి బంగారు నంది డాక్టరు చక్రవర్తికే లభించెను. అది కోడూరి కౌసల్యాదేవిగారి చక్రభ్రమణము అను నవల ఆధారముగా తీసిన చిత్రము.

ఇక మూగమనసులు సంగతి చెప్పవలెను. 1964 జనవరిలో విడుదలైన ఈ చిత్రమున గోదావరియే ఒక పాత్ర యనవచ్చును. గోపి పడవ నడుపు యువకుడు. జమీందారు కుమార్తె రాధను అతడు ప్రతిదినము పడవపై నది దాటించి కళాశాలకు పంపుచుండును. ఆమెకు నిత్యము ఒక పువ్వు ఇచ్చును. వారి నడుమ నున్న బంధమునకు లోకములో పేరు లేదు. అందుచేతనే లోకము దానికి చెడ్డపేరు పెట్టెను. తుదకు వారిరువురును సుడిగుండమున పడి మరణింతురు. ఈ కథ అంతయు వారి మఱుజన్మమునుండి వెనుకకు చూచినట్లు చెప్పబడినది. నూతన దంపతులు పడవలో పోవుచుండగా, ఎన్నడును చూడని ఆ చోట సుడిగుండ మున్నదని వరుడు కేక వేయును. అక్కడనుండి కథ పూర్వజన్మమునకు మరలును.

ఆలోచింపుడు: ఒక జన్మమునుండి మఱియొక జన్మమునకు ప్రేక్షకుని తీసికొనిపోవుట ఎట్లు? పురాణ చిత్రమైనచో దేవతలు ప్రత్యక్షమై చెప్పుదురు. ఇచట దేవతలు లేరు. నీరున్నది, పడవ యున్నది, ఒక వృద్ధురాలున్నది. ఒక ముక్కను ఇంకొక ముక్క ప్రక్కన పెట్టుటచేతనే ఆ మార్పు సాధింపవలెను. కూర్పుబల్లయొద్ద పెరిగిన దర్శకుడు గనుకనే ఆయన దీనికి సాహసించిరని తోచును. ఆ చిత్రమునకు కూర్పరి టి. కృష్ణగారు, మాటలు వ్రాసినవారిలో ముళ్ళపూడి వెంకటరమణగా రొకరు, సంగీతము కె. వి. మహదేవన్‌గారిది. అక్కినేని నాగేశ్వరరావు, సావిత్రి, జమున ముఖ్యపాత్రలు ధరించిరి. అట్టి కథలను స్టూడియోలో తొట్టి కట్టించి, నీళ్ళు నింపి తీసెడి కాలమున, సుబ్బారావుగారు తమ బృందమును గోదావరికే తీసికొనివచ్చిరి. గౌతమి దాటుటకు కోటిపల్లియొద్ద పడవనెక్కి ముక్తేశ్వరమున దిగు అలవాటున్న కోనసీమ జనులకు ఆ పడవవాడు ఎవ్వరో కాడు, తమ యూరివాడే. ఈ కథనే ఎల్. వి. ప్రసాదుగారు 1967లో మిలన్ అను పేర హిందీలో నిర్మించిరి. దానికిని సుబ్బారావుగారే దర్శకులు. గోదావరి కథ హిందీ ప్రేక్షకుల మనసులను సైతము గెలుచుకొనెను.

ఇంతటి విజయము పొందినవాడు తరువాత నేమి చేయును? అదే నటులతో అట్టి చిత్రమునే మఱల తీయును. సుబ్బారావుగారు అందులకు విరుద్ధముగా, ముఖ్యపాత్రలన్నిటికిని క్రొత్తవారే కావలెనని పత్రికలలో ప్రకటన యిచ్చిరి. అట్లు వచ్చినవారిలో తెనాలియొద్ద బుఱ్ఱిపాలెమునకు చెందిన ఘట్టమనేని కృష్ణ యొకడు. చిత్రము కొంత తీసిన పిమ్మట, ఈ యువకుడు పనికిరాడనియు, మార్చుట మేలనియు కొందఱు ఒత్తిడి చేసిరని చెప్పుదురు. సుబ్బారావుగారు మార్చలేదు. తేనె మనసులు అను ఆ వర్ణచిత్రము 1965లో విడుదలై విజయము పొందెను. కృష్ణ తరువాత మూడువందలకు పైగా చిత్రములలో నటించెను. కూర్పుబల్లయొద్ద పనికిరాదని పాఱవేసిన ముక్కయే ఒక్కొక్కప్పుడు తగిన చోట పెట్టినచో దృశ్యమునకు ప్రాణము పోయును. మనుష్యుల విషయమునను ఆయనకు ఆ చూపు ఉండెనేమో!

కె. విశ్వనాథ్‌గారి సంగతియు నిట్టిదే. ఆయన మదరాసు వాహినీ స్టూడియోలో ధ్వనిశాఖలో పనిచేయుచు చిత్రరంగమున ప్రవేశించిరి. చెవులకు శబ్దయంత్రము తగిలించుకొని కూర్చుండు ఆ యువకునిలో కథాశక్తిని గుర్తించి, సుబ్బారావుగారు తమకు సహాయకునిగా చేసికొనిరి. విశ్వనాథ్‌గారు 1965లో ఆత్మగౌరవము అను చిత్రముతో దర్శకులై, తరువాత శంకరాభరణము వంటి చిత్రములు తీసి, 2016వ సంవత్సరపు దాదాసాహెబు ఫాల్కే పురస్కారమును పొందిరి. ధ్వనిగదిలో ఒకరు, కూర్పుగదిలో ఒకరు పని నేర్చిన ఈ గురుశిష్యుల చిత్రములను చూచునపుడు కన్నులతోబాటు చెవులను గూడ అప్పగింపవలెను.

ధనము కొఱకు తీసిన చిత్రములు తీసితిమి, మనసునకు నచ్చినది యొకటి తీయవలదా అని ఆయనకును, నాగేశ్వరరావుగారికిని తోచెను. ఇరువురును కలసి చక్రవర్తి చిత్ర అను సంస్థను స్థాపించి సుడిగుండాలు అను చిత్రము నిర్మించిరి. తల్లిదండ్రుల ఆలనపాలన కఱవై, ధనమునకు మాత్రము కఱవు లేక పెరిగిన యువకులు, కేవలము ఉల్లాసము కొఱకు ఒక పసివాని ప్రాణము తీయుట అందలి కథ. దోషులెవ్వరను ప్రశ్నను ఆ చిత్రము చూచువారికే అప్పగించినది. నవ్వించు పాత్రలు, నృత్యములు కోరువారికి అది రుచింపలేదు. 1967వ సంవత్సరపు ఉత్తమ తెలుగు చిత్రముగా జాతీయ బహుమానము వచ్చెను గాని, పెట్టిన పెట్టుబడికి తగిన రాబడి రాలేదు. ఒక దెబ్బ తిన్నవారు మఱల అటు పోరు. వీరు పోయిరి. 1970లో మరో ప్రపంచము అను మఱియొక చిత్రము తీసిరి. జాతి, కులము, ఆస్తి అను భేదములు తెలియకుండ పిల్లలను పెంచినచో ఎట్లుండునను ఆలోచన దానికి మూలము. అదియును లాభము తేలేదు. ఆ సంస్థ పని అంతటితో ఆగెను.

ఈ రెండు చిత్రముల నష్టమును గూర్చి కొందఱు జాలితో మాటలాడుదురు. అంత జాలి అక్కఱలేదు. ఆయన చేతిలో అప్పటికి హిందీ చిత్రములు చాలగ నుండెను. మన్ కా మీత్ అను చిత్రముతో వినోద్ ఖన్నాను తెరకు పరిచయము చేసినదియు ఆయనయే. డోలీ, మస్తానా, రఖ్వాలా, జీత్ మున్నగు చిత్రములను వరుసగా తీసిరి. ఫిలిము కడిగి పొట్టపోసికొన్న బొంబాయి చిత్రసీమకే దర్శకులుగా మఱల చేరిరి. అయినను తెలుగును విడువలేదు. అన్నపూర్ణా సంస్థకు విచిత్ర బంధము, ఇతరులకు మాయదారి మల్లిగాడు, బంగారు కలలు వంటి చిత్రములు తీసియిచ్చిరి. మాయదారి మల్లిగానిలో నాయకుడు, తేనె మనసులలో వద్దన్నను ఉంచుకొన్న ఆ కృష్ణయే.

ఒక సంవత్సరమున మూడు నాలుగు చిత్రములు, మదరాసునకు, బొంబాయికి రాకపోకలు, పగలు చిత్రీకరణము, రాత్రి కూర్పుగది. 1975వ సంవత్సరము అక్టోబరు 1వ తేదీన, 63వ యేట, మదరాసు నగరమున ఆదుర్తి సుబ్బారావుగారు కన్నుమూసిరి. వారి హిందీ చిత్రమైన సునెహరా సంసార్, తెలుగు చిత్రమైన గాజుల కిష్టయ్య ఆ సంవత్సరపు చిత్రములే.